అమ్మ ఏడేళ్లుగా వేసుకుంటున్న నిద్రమాత్రను ఆపడం ఎలా?

గౌతమీతీరం | ఆగస్టు 14, రాత్రి 10:40

సభ్యులందరికీ నమస్కారం. మాది రాజమహేంద్రవరం. అమ్మ వయసు 66. ఏడేళ్ల కిందట నాన్నగారు పోయినప్పుడు అమ్మకు బొత్తిగా నిద్ర పట్టేది కాదు. రాత్రి రెండు గంటలకు లేచి వీధి గుమ్మంలో కూర్చునేది. అప్పట్లో మాకు తెలిసిన వైద్యులు ఒకరు అల్ప్రజోలం 0.5 మిల్లీగ్రాముల మాత్ర రాత్రికి ఒకటి చొప్పున రాసి, నెల రోజుల తర్వాత ఒకసారి వచ్చి కనిపించమన్నారు. మేము వెళ్లలేదు, ఆ తప్పు మాదే. మాత్రతో అమ్మ నిద్రపోతోంది కదా అని ఊరుకున్నాం. ఆ పాత చీటీ చూపించి ఒకసారి, చూపించకుండానే చాలాసార్లు, నెలకు మూడు స్ట్రిప్పులు తెచ్చుకుంటూ ఏడేళ్లు గడిపేశాం.

పోయిన వారం తెల్లవారుజామున స్నానాలగదికి వెళ్తూ అమ్మ పడిపోయింది. ఎముక విరగలేదు కానీ నుదుటికి నాలుగు కుట్లు పడ్డాయి. కుట్లు వేసిన వైద్యులు అమ్మ ఏయే మందులు వాడుతోందని అడిగారు. నేను బీపీ మాత్ర ఒక్కటే చెప్పాను, ఎందుకంటే నిద్రమాత్రను మందుల లెక్కలో వేసే అలవాటే మాకు పోయింది. అమ్మే నెమ్మదిగా ఆ పేరు చెప్పింది. ఆయన నా వైపు చూసి, ఈ వయసులో ఇంతకాలం ఇది వాడకూడదని అన్నారు.

ఆ రాత్రే ఆపేయించాలని స్ట్రిప్పు తీసి నా బీరువాలో పెట్టాను. తెల్లారి చూస్తే దేవుడి గూట్లో విభూతి డబ్బా వెనుక మరో స్ట్రిప్పు కనిపించింది. అమ్మ దాన్ని అక్కడ ఎప్పటి నుంచో దాచుకుంటోందన్నమాట. నాకు కోపం రాలేదు, ఏడుపు వచ్చింది. దయచేసి చెప్పండి, దీన్ని ఆపడం ఎలా? ఒక్కసారిగా ఆపేయవచ్చా?

మెలకువ | ఆగస్టు 14, రాత్రి 11:25

గౌతమీతీరం గారూ, ముందు ఆ స్ట్రిప్పును అమ్మగారికి తిరిగి ఇచ్చేయండి. ఒక్కసారిగా ఆపకండి. మిగిలినవన్నీ తర్వాత మాట్లాడుకోవచ్చు.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం నా అనుభవమే. నేను ఉద్యోగపు ఒత్తిడిలో ఇదే మందును రోజుకు రెండు సార్లు చొప్పున పద్నాలుగు నెలలు వేసుకున్నాను. ఒక శుక్రవారం రాత్రి, ఇక ఇది నాకొద్దని నిశ్చయించుకుని, మిగిలిన మాత్రలన్నీ చెత్తబుట్టలో వేశాను. మొదటి రాత్రి నిద్ర లేదు. రెండో రోజు సాయంత్రానికి చేతులు వణికి, టీ కప్పు సాసరు మీద టకటకలాడింది. ట్యూబులైటు వెలుతురు కళ్లలో పొడిచినట్టు అనిపించేది, పక్కింటి మిక్సీ చప్పుడుకు ఒళ్లంతా ఉలిక్కిపడేది. మూడో రోజు వంటింట్లో నిలబడి ఉండగానే ఫిట్స్ వచ్చి పడిపోయాను. అంతకు ముందు నాకు గానీ మా ఇంట్లో ఎవరికి గానీ ఫిట్స్ లేవు. ఆసుపత్రిలో మళ్లీ అదే జాతి మందు ఇచ్చి నన్ను నిలబెట్టారు. ఆ తర్వాత వైద్యుల పర్యవేక్షణలో దాని నుంచి బయటపడడానికి నాకు ఎనిమిది నెలలు పట్టింది.

సూర్యోదయం | ఆగస్టు 15, ఉదయం 6:10

నేను కొంచెం భిన్నంగా చెబుతాను. మా మావయ్యగారు ఇరవై ఏళ్ల సిగరెట్టు అలవాటును ఒక్క రోజులో మానేశారు. మనసు గట్టిపరచుకుంటే రెండు మూడు రాత్రులు నిద్ర ఉండదేమో గానీ, తర్వాత శరీరమే సర్దుకుంటుంది. రాత్రి పూట గోరువెచ్చని పాలల్లో జాజికాయ పొడి వేసి ఇవ్వండి, ఉదయం ప్రాణాయామం చేయించండి. ఈ రసాయనాలు ఎంత త్వరగా ఒంట్లోంచి పోతే అంత మంచిదని నా నమ్మకం.

వైద్యురాలు_విశాఖ | ఆగస్టు 15, ఉదయం 8:50

నేను మానసిక వైద్యురాలిని, పద్దెనిమిదేళ్లుగా ప్రాక్టీసు చేస్తున్నాను. సూర్యోదయం గారి మాట మంచి మనసుతో చెప్పినదే, కానీ ఈ మందు విషయంలో అది ప్రమాదకరమైన సలహా. ఎందుకో వివరంగా రాస్తాను.

మెదడులో గాబా అనే రసాయనం ఉంటుంది. అది నాడీకణాల ఉద్రేకాన్ని తగ్గిస్తుంది. అల్ప్రజోలం, క్లోనజిపామ్, లోరజిపామ్, డయాజిపామ్ లాంటి బెంజోడయజిపీన్లు గాబా పని చేసే చోటే అతుక్కుని దాని ప్రభావాన్ని పెంచుతాయి. అందుకే మాత్ర వేసుకున్న అరగంటకో గంటకో గుండెదడ తగ్గి, బిగుసుకున్న కండరాలు సడలి, కళ్లు మూతలు పడతాయి. వారాలు గడిచేకొద్దీ మెదడు ఈ అదనపు సాయానికి అలవాటుపడి, తన వైపు నుంచి ఉద్రేకాన్ని పెంచుకుని సమతూకం చేసుకుంటుంది. ఆ స్థితిలో మాత్రను హఠాత్తుగా తీసేస్తే ఉద్రేకం ఒక్కటే మిగులుతుంది. మెలకువ గారు చెప్పిన వణుకు, వెలుతురు భరించలేకపోవడం, ఫిట్స్ అలా వచ్చినవే. సిగరెట్టు మానితే మనిషి విలవిల్లాడతాడు, కానీ మానడం వల్ల ప్రాణం పోదు. బెంజోడయజిపీన్లను, దీర్ఘకాలపు మద్యపానాన్ని ఒక్కసారిగా ఆపితే ప్రాణం పోయే అవకాశం ఉంది. ఈ తేడాను ప్రతి ఇంట్లోనూ తెలుసుకోవాలని నేను కోరుకుంటాను.

ఇందులోనూ మందుకూ మందుకూ తేడా ఉంది. అల్ప్రజోలం ఒంట్లో సగానికి తగ్గడానికి సుమారు 11 గంటలు పడుతుంది, పెద్దవాళ్లలో ఇంకొంత ఎక్కువ. క్లోనజిపామ్‌కు 30 నుంచి 40 గంటలు పడుతుంది. డయాజిపామ్, దాని నుంచి పుట్టే పదార్థాలు రోజుల తరబడి నిలుస్తాయి. త్వరగా దిగిపోయే మందును ఆపినప్పుడు లక్షణాలు త్వరగా, తీవ్రంగా వస్తాయి. అమ్మగారిది ఆ రకమే.

ఇవి చెడ్డ మందులు అనడం నా ఉద్దేశం కాదు. 1960లో లిబ్రియం, 1963లో వేలియం మార్కెట్లోకి వచ్చినప్పుడు వైద్యులు వాటిని ఆదరించడానికి బలమైన కారణం ఉంది. అంతకు ముందు వాడిన బార్బిట్యురేట్లలో మోతాదు కాస్త ఎక్కువైతే ఊపిరి ఆగిపోయేది. కొత్త మందులు వాటితో పోలిస్తే ఎంతో సురక్షితం. అయితే ఆ ధీమాతోనే నెలల తరబడి, ఏళ్ల తరబడి రాసేశారు. 1988 నాటికి బ్రిటన్‌లో మందుల భద్రతా సంఘం వీటిని రెండు నుంచి నాలుగు వారాలకు మించి రాయవద్దని హెచ్చరించాల్సి వచ్చింది. 2020లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఈ జాతి మందులన్నింటి మీదా, అలవాటు గురించీ హఠాత్తుగా ఆపితే వచ్చే ప్రమాదం గురించీ, అత్యంత తీవ్రమైన హెచ్చరికను ముద్రించమంది. మొదటి చీటీ రాసే రోజునే ఆపే తేదీ కూడా రాయాలన్నది ఇన్నేళ్ల పనిలో నేను స్థిరపరచుకున్న నియమం. మీ అమ్మగారికి రాసిన వైద్యులు నెల తర్వాత రమ్మన్నది బహుశా అందుకే.

మోతాదు ఎలా తగ్గించాలో ఇక్కడ రాయను, అది మనిషిని చూసి చేయవలసిన పని. మీ ఊరిలోని మానసిక వైద్యుల దగ్గరకు ఈ వారమే తీసుకెళ్లండి. వెళ్లే ముందు నాలుగు విషయాలు గమనించి రాసుకోండి: అమ్మగారు రాత్రిపూట గురక పెడతారా, మధ్యలో ఊపిరి ఆగి ఉలిక్కిపడి లేస్తారా, పగలు కునుకు తీస్తారా, ఒక మాత్రతో సరిపోతోందా లేక కొన్ని రాత్రులు రెండు వేసుకుంటున్నారా.

మందులషాపు_తాడేపల్లిగూడెం | ఆగస్టు 15, మధ్యాహ్నం 3:05

నేను ఫార్మసిస్టును. మా వైపు తప్పును నేనే చెబుతాను.

అల్ప్రజోలం, డయాజిపామ్, నిద్రకు రాసే జోల్పిడెమ్ ఇవన్నీ షెడ్యూల్ హెచ్1 అనే ప్రభుత్వ జాబితాలో ఉన్న మందులు. ఈ షెడ్యూలు 2014 మార్చి 1 నుంచి అమల్లో ఉంది. దీని ప్రకారం చీటీ లేకుండా వీటిని ఇవ్వకూడదు. ఇచ్చిన ప్రతిసారీ రోగి పేరు, రాసిన వైద్యుల పేరు, చిరునామా, మందు పేరు, ఎన్ని మాత్రలు అన్నది ప్రత్యేక రిజిస్టరులో రాసి, ఆ రిజిస్టరును మూడేళ్లు భద్రపరచాలి. స్ట్రిప్పు వెనుక ఎర్ర గళ్లో ముద్రించిన హెచ్చరిక ఉంటుంది, చూడండి. చాలామంది దాన్ని ఒక్కసారి కూడా చదవరు. ఇవి మత్తుపదార్థాల నియంత్రణ చట్టం కిందికీ వస్తాయి.

అయినా జరిగేదేమిటో మీ ఇంటి కథే చెబుతోంది. కౌంటరు దగ్గరికి పెద్దావిడ వచ్చి, రాత్రంతా నిద్ర లేదు నాయనా, రెండు మాత్రలైనా ఇవ్వు అంటే, కాదనడానికి చాలామందికి నోరు రాదు. నేను కాదంటే నాలుగు షాపుల అవతల ఇస్తారు. నేను ఇప్పుడు చేస్తున్నది ఇది: పాత చీటీతో వచ్చిన వారిని తిట్టి పంపను, వాళ్లు ఎంతకాలంగా వాడుతున్నారో అడిగి, కొత్త చీటీ ఎందుకు అవసరమో కూర్చోబెట్టి చెబుతాను. ఏళ్లుగా వాడుతున్న మనిషిని ఒక్కసారిగా ఉత్త చేతులతో పంపడం కూడా ప్రమాదమేనని పై పోస్టులు చదివితే మీకు అర్థమవుతుంది.

ఒక జాగ్రత్త. మోతాదు తగ్గించమన్నప్పుడు మాత్రను సగం చేయాల్సి రావచ్చు. పేరు చివర ఎస్ఆర్ అని ఉంటే అది నెమ్మదిగా విడుదలయ్యే మాత్ర, దాన్ని విరగ్గొట్టకూడదు. విరగ్గొడితే రాత్రంతా విడుదల కావలసిన మందు ఒక్కసారిగా ఒంట్లోకి వెళ్తుంది.

ఇందూరు_వాసి | ఆగస్టు 15, రాత్రి 9:30

మాది నిజామాబాద్ జిల్లా. ఇక్కడ ఈ మందును చీటీ మీద కాక కల్లు సీసాలో తెలియకుండా తాగిన ఊళ్లు ఉన్నాయి కాబట్టి, నాకు తెలిసింది రాయడం నా బాధ్యత అనిపించింది.

ఈత చెట్లు, తాటి చెట్లు తగ్గిపోయాయి, కల్లు డిపోల్లో గిరాకీ మాత్రం తగ్గలేదు. ఆ లోటు పూడ్చడానికి నీళ్లలో చక్కెర, శాకరిన్ కలిపి, మత్తు కోసం అల్ప్రజోలం, డయాజిపామ్, క్లోరల్ హైడ్రేట్ పొడులు కలపడం ఏళ్ల తరబడి సాగింది. కూలి పని చేసే ఆడవాళ్లు, మగవాళ్లు సాయంత్రం రెండు సీసాలు తాగి ఒళ్లు నొప్పులు మరిచి నిద్రపోయేవారు. తాము తాగుతున్నది కల్లనే వాళ్లనుకున్నారు.

2015లో ప్రభుత్వం కల్తీ కల్లు మీద గట్టిగా దాడులు చేసింది. కల్తీ ఒక్కసారిగా ఆగింది. మూడు నాలుగు రోజుల్లోనే నిజామాబాద్, మహబూబ్‌నగర్, మెదక్ జిల్లాల ఆసుపత్రులకు మనుషులు బారులు తీరారు. చేతులు వణికేవాళ్లు, ఫిట్స్ వచ్చేవాళ్లు, ఎదురుగా ఎవరూ లేకపోయినా మాట్లాడేవాళ్లు, కట్టిపడేస్తే తప్ప మంచం మీద ఉండనివాళ్లు. ప్రాణాలు పోయినవాళ్లూ ఉన్నారు. మా వీధిలో బీడీలు చుట్టే ఒక పెద్దమ్మ, రోజూ పొద్దున్నే వాకిలి ఊడ్చి అందరినీ పేరుపేరునా పలకరించే మనిషి, ఆ వారం తన కూతురినే గుర్తుపట్టలేదు. దయ్యం పట్టిందని కొందరు తాయెత్తు కట్టించడానికి పోయారు. పట్టింది దయ్యం కాదని, నరాలు అడుగుతున్న మందు అందకపోవడమేనని ఆసుపత్రిలో చెప్పేదాకా మాకు తెలియదు.

మొన్న 2025 జూలైలో కూకట్‌పల్లిలో కల్తీ కల్లు తాగి మనుషులు చనిపోయినప్పుడు మళ్లీ అదే అల్ప్రజోలం పేరు పత్రికల్లో వచ్చింది. కల్తీని ఆపవద్దని నేను అనడం లేదు. కల్తీ ఆపే రోజుకే ఆసుపత్రుల్లో మంచాలు, మందులు సిద్ధంగా పెట్టుకోవాలి, ఊరూరా చాటింపు వేయించాలి అంటున్నాను. సూర్యోదయం గారూ, మనసు గట్టిపరచుకోమని మా పెద్దమ్మకు ఎవరు చెప్పగలరు? తన ఒంట్లో మందు ఉందనే ఆమెకు తెలియదు.

నీలిచీర | ఆగస్టు 16, ఉదయం 11:15

అందరూ ఈ మందు ప్రమాదాలే రాస్తున్నారు. అవన్నీ నిజమే, కానీ ఇది చదివి భయపడి, అవసరమైన వాళ్లు కూడా వైద్యుల దగ్గరకు వెళ్లకుండా ఉండిపోతారేమోనని నా బెంగ.

నాకు 29 ఏళ్ల వయసులో, బస్సులో కూర్చుని ఉండగా, ఏ కారణమూ లేకుండా గుండె దడదడలాడి, ఊపిరి అందక, వేళ్లు కొంకర్లు పోయి, ఇక చచ్చిపోతున్నాననిపించింది. మూడు సార్లు ఈసీజీ, ఒకసారి ఎకో తీశారు, అన్నీ బాగానే ఉన్నాయన్నారు. ఆరు నెలలు బస్సెక్కలేదు, ఉద్యోగం మానేశాను. చివరకు మానసిక వైద్యుల దగ్గరకు వెళితే ఇది పానిక్ జబ్బని చెప్పి, దిగులుకూ ఆందోళనకూ వాడే ఎస్సిటాలోప్రామ్ అనే మందు మొదలుపెట్టారు. అది పని చేయడానికి నాలుగు వారాలైనా పడుతుందని, మొదటి వారంలో గాబరా కొంచెం పెరగవచ్చని, ఆ నడుమ నన్ను నిలబెట్టడానికి క్లోనజిపామ్ మూడు వారాలు మాత్రమే ఇస్తున్నానని చెప్పారు. చీటీ మీదే ఏ తేదీ నుంచి సగం, ఏ తేదీకి బందు అని రాశారు. అలాగే ఆపాను. ఏ ఇబ్బందీ రాలేదు.

ఆ మూడు వారాల మాత్రలు లేకపోతే నేను అసలు వైద్యాన్ని మొదటి వారంలోనే వదిలేసేదాన్ని. మా అత్తగారు మాత్రం నేను పిచ్చి మాత్రలు మింగుతున్నానని చుట్టాలందరికీ ఫోన్లు చేశారు. ఆ మాట పడలేకనే చాలామంది మానసిక వైద్యుల దగ్గరకు వెళ్లకుండా, మందుల షాపు నుంచి గుట్టుగా తెచ్చుకుని, గౌతమీతీరం గారి అమ్మగారిలా దేవుడి గూట్లో దాచుకుంటారు. అలా దాచుకోవలసి రావడం వల్లనే ఏడేళ్లపాటు ఎవరూ ఆమెను అడగలేదనిపిస్తుంది.

గౌతమీతీరం | ఆగస్టు 16, రాత్రి 10:05

మీ అందరికీ చేతులెత్తి నమస్కరిస్తున్నాను. మెలకువ గారి పోస్టు చదివిన వెంటనే లేచి వెళ్లి మాత్ర అమ్మ చేతికిచ్చాను. అప్పటికే అరచేతులు చెమటలు పట్టి ఉన్నాయి, మొహం పాలిపోయి ఉంది. అడిగితే, నువ్వు బాధపడతావని చెప్పలేదురా అంది.

డాక్టరు గారూ, మీరు అడిగినవి: గురక ఉంది, కొంచెం గట్టిగానే. ఊపిరి ఆగడం మేము గమనించలేదు, ఎందుకంటే అమ్మ ఒంటరిగా పడుకుంటుంది. పగలు భోజనం అయ్యాక రెండు గంటలు నిద్రపోతుంది. నెలలో నాలుగైదు రాత్రులు రెండు మాత్రలు వేసుకుంటానని ఈరోజే ఒప్పుకుంది. నాన్న తిథి వచ్చే నెలలో అయితే ఇంకా ఎక్కువట.

వైద్యురాలు_విశాఖ | ఆగస్టు 17, ఉదయం 7:40

గురక సంగతి తప్పకుండా చెప్పండి. నిద్రలో ఊపిరి ఆగే జబ్బు ఉన్నవారికి బెంజోడయజిపీన్లు గొంతు కండరాలను ఇంకా సడలించి, సమస్యను పెంచవచ్చు. అలాంటివారు రాత్రంతా పడుకున్నా పొద్దున్న అలసటగా లేస్తారు, సరిగా నిద్ర లేదనుకుని ఇంకో మాత్ర వేసుకుంటారు. థైరాయిడ్, హిమోగ్లోబిన్ పరీక్షలు కూడా చేయించండి. థైరాయిడ్ ఎక్కువగా పనిచేస్తే వచ్చే గుండెదడ, వణుకు ఆందోళన లాగే ఉంటాయి.

పెద్దవాళ్ల విషయం ప్రత్యేకం. అమెరికా వృద్ధవైద్య సంఘం రూపొందించిన బీర్స్ ప్రమాణాలు 65 ఏళ్లు దాటినవారికి ఈ జాతి మందులను వీలైనంత వరకు వాడవద్దంటాయి. నడకలో తూలడం, పడిపోయి తుంటి ఎముక విరగడం, మతిమరుపు, అయోమయం ఇందుకు కారణాలు. తెల్లవారుజామున మందు ప్రభావం ఇంకా దిగకముందే మూత్రానికి లేస్తారు చూడండి, పడేది అప్పుడే. ఈ రాత్రి నుంచే మంచం నుంచి స్నానాలగది దాకా చిన్న బల్బు వెలిగేలా పెట్టండి, దారిలో పట్టా, కాళ్లు తుడుచుకునే గుడ్డ లేకుండా చూడండి.

నిద్రకు మాత్ర తప్ప దారి లేదనుకోవద్దు. దీర్ఘకాలపు నిద్రలేమికి మొదటి చికిత్సగా 2016లో అమెరికన్ కాలేజ్ ఆఫ్ ఫిజీషియన్స్ అనే అక్కడి వైద్యుల సంఘం సూచించింది మాత్రను కాదు, నిద్రలేమి కోసం రూపొందించిన ప్రవర్తనా చికిత్సను. అందులో ముఖ్యమైన భాగం చాలామందికి విడ్డూరంగా అనిపిస్తుంది. నిద్ర రానివారిని ఎక్కువసేపు పడుకోమని కాక, తక్కువసేపు మంచం మీద ఉండమని చెబుతాం. అమ్మగారు ఎనిమిదికే మంచమెక్కి, ఆరు దాకా అక్కడే ఉండి, మధ్యలో ఐదు గంటలే నిద్రపోతున్నారనుకోండి. మంచం మీది పది గంటల్లో ఐదు గంటలు ఆందోళనకే పోతున్నాయి. మెదడు మంచాన్ని చూడగానే మెలకువను గుర్తు చేసుకోవడం నేర్చుకుంటుంది. అందుకే పదకొండు తర్వాతే పడుకోమంటాం. ఇరవై నిమిషాల్లో నిద్ర రాకపోతే లేచి, వేరే గదిలో కూర్చుని, కళ్లు బరువెక్కాకే మళ్లీ రమ్మంటాం. ఎప్పుడు పడుకున్నా లేచే సమయం మాత్రం మారకూడదు. పగటి నిద్ర అరగంట దాటకూడదు. అయితే మాత్ర తగ్గిస్తున్న సమయంలో, అందులోనూ పడిపోయిన మనిషి విషయంలో, ఇవన్నీ వైద్యులను అడిగి నెమ్మదిగా మొదలుపెట్టాలి.

దోహా_వలస | ఆగస్టు 17, సాయంత్రం 6:20

విషయానికి దగ్గరి మాటే, గల్ఫ్‌లో ఉన్న మనవాళ్ల కోసం రాస్తున్నాను. ఈ మాత్రలను ఇక్కడి దేశాలు నియంత్రిత మందులుగా చూస్తాయి. సెలవుకు ఇంటికి వెళ్లి వచ్చేటప్పుడు పక్కింటివాళ్లు, మా వాడికి ఇవ్వమని మందుల పొట్లం చేతిలో పెడతారు. అందులో నిద్రమాత్రలు ఉంటే విమానాశ్రయంలో పట్టుబడేది మోసుకొచ్చిన మనిషే, పంపిన మనిషి కాదు. మీకోసం తెచ్చుకుంటున్నా, వెళ్లే దేశపు నియమాలు ముందే తెలుసుకుని, అవసరమైన అనుమతి తీసుకుని, చీటీ వెంట పెట్టుకోండి. క్యాంపుల్లో ఎనిమిది మంది ఉండే గదిలో, షిఫ్టు మారినప్పుడల్లా నిద్ర చెడిపోయి, ఈ మాత్రలు చేతులు మారడం నేను కళ్లారా చూశాను.

సూర్యోదయం | ఆగస్టు 18, ఉదయం 5:55

నేను రాసిన సలహాను ఉపసంహరించుకుంటున్నాను. ఇందూరు వాసి గారి పోస్టు రెండు సార్లు చదివాను. నాకు తెలియని విషయంలో ధీమాగా మాట్లాడాను, అది విని ఎవరైనా ఆపేసి ఉంటే ఏమయ్యేదో తలచుకుంటే నిద్ర పట్టలేదు. నిర్వాహకులు నా పాత పోస్టును తొలగించవద్దు, కింద ఈ సవరణ ఉండాలి, ఎందుకంటే నాలా ఆలోచించేవాళ్లు ఇంకా ఉంటారు.

గౌతమీతీరం | సెప్టెంబరు 27, రాత్రి 9:15

ఆలస్యంగా రాస్తున్నందుకు మన్నించండి. ఆగస్టు చివరి వారంలో అమ్మను మానసిక వైద్యుల దగ్గరకు తీసుకెళ్లాను. గది బయట బోర్డు చూసి అమ్మ మెట్ల మీదే ఆగిపోయింది. నాకేం పిచ్చిరా అని అడిగింది. నీలిచీర గారి బస్సు సంగతి అమ్మకు చెప్పాను. ఆ పిల్ల ఇప్పుడు ఉద్యోగం చేస్తోందా అని అడిగి, లోపలికి వచ్చింది.

డాక్టరుగారు ముప్పావు గంట మాట్లాడారు. నిద్రమాత్ర గురించి అడిగింది తక్కువ, నాన్న గురించి అడిగింది ఎక్కువ. అమ్మకు ఏడేళ్లుగా లోపల దిగులు, ఆందోళన అలాగే ఉండిపోయాయని, మాత్ర వాటిని కప్పి ఉంచిందే తప్ప తగ్గించలేదని చెప్పారు. ముందు దిగులుకు తక్కువ మోతాదులో ఎస్సిటాలోప్రామ్ మొదలుపెట్టారు. ఈ వయసులో ఆ మందుతో రక్తంలో సోడియం తగ్గవచ్చని, రెండు వారాలకు ఒకసారి పరీక్ష చేయించారు, బాగానే ఉంది. థైరాయిడ్ కూడా మామూలుగానే ఉంది. గురక కోసం నిద్ర పరీక్ష చేస్తే ఊపిరి ఆగే సమస్య స్వల్పంగానే ఉందని, పక్కకు తిరిగి పడుకుంటే చాలన్నారు.

నాలుగు వారాల తర్వాత, మొన్న గురువారం నుంచి, అల్ప్రజోలం తగ్గించడం మొదలైంది. 0.5 మాత్ర బదులు 0.25 మాత్రలు రెండు రాసి, వాటిలో ఒకదానిలో నాలుగో వంతు తీసేయమన్నారు. మూడు వారాలు అలాగే ఉంచి, బాగుంటే ఇంకో నాలుగో వంతు. ఏ మెట్టు దగ్గరైనా ఇబ్బంది అయితే అక్కడే ఆగమన్నారు గానీ, మళ్లీ పైకి ఎక్కవద్దన్నారు, ఎక్కాల్సి వస్తే తనకు ఫోన్ చేయమన్నారు. మొదటి రోజు స్టీలు పళ్లెంలో మాత్ర పెట్టి బ్లేడుతో కోస్తే సగం పొడి అయిపోయింది. తాడేపల్లిగూడెం గారూ, దీనికి ఏదైనా మార్గం ఉందా?

మందులషాపు_తాడేపల్లిగూడెం | సెప్టెంబరు 27, రాత్రి 9:50

మాత్రలు కోసే చిన్న ప్లాస్టిక్ పెట్టె మందుల షాపుల్లో దొరుకుతుంది. మూతలోనే బ్లేడు ఉంటుంది, మాత్రను మూల లోపల పెట్టి మూత నొక్కితే సమంగా తెగుతుంది. తేమ తగిలిన మాత్ర పొడిపొడి అవుతుంది కాబట్టి ఏ రోజుది ఆ రోజే కోయండి, వారానికి సరిపడా ఒకేసారి కోసి పెట్టవద్దు.

అరుణతార | సెప్టెంబరు 28, మధ్యాహ్నం 1:30

నాకు రాసింది జోల్పిడెమ్. ఇది బెంజోడయజిపీన్ కాదు, అలవాటు కాదు అని విన్నాను. ఇది సురక్షితమేనా? రెండు నెలలుగా వేసుకుంటున్నాను. ఒక రాత్రి వంటింట్లో అన్నం కలుపుకుని తిన్నానని మా వారు చెప్పారు, నాకేమీ గుర్తు లేదు.

వైద్యురాలు_విశాఖ | సెప్టెంబరు 28, మధ్యాహ్నం 2:10

అరుణతార గారూ, ఈరోజే మీ వైద్యులకు ఫోన్ చేసి మీరిక్కడ రాసింది అలాగే చెప్పండి. జోల్పిడెమ్ నిర్మాణం వేరు అయినా, పని చేసేది అదే గాబా చోట, అలవాటూ పడుతుంది. నిద్రలోనే నడవడం, వండుకోవడం, తినడం, వాహనం నడపడం లాంటివి జరిగి కొందరు తీవ్రంగా గాయపడడం వల్ల, 2019లో అమెరికా నియంత్రణ సంస్థ దీని మీద తీవ్రమైన హెచ్చరిక పెట్టింది. ఒకసారి అలా జరిగినవారు ఆ మందును మళ్లీ వాడకూడదని అందులో స్పష్టంగా ఉంది. అంతకు ముందు 2013లోనే, ఆడవారి ఒంట్లో ఇది నెమ్మదిగా దిగుతుందని, మామూలు మాత్ర మోతాదును వారికి 10 నుంచి 5 మిల్లీగ్రాములకు తగ్గించమంది. మీ విషయంలో ఎలా ఆపాలో, బదులు ఏమి ఇవ్వాలో మీ వైద్యులు చెప్పాలి. వారితో మాట్లాడేదాకా పొయ్యి దగ్గర గ్యాసు రెగ్యులేటరు రాత్రి కట్టేయండి, బండి తాళాలు మీ వారి దగ్గర ఉంచండి. ఈ మందులలో ఏది వాడుతున్నా మద్యం ముట్టకూడదు. బలమైన నొప్పి మాత్రలు, ట్రమడాల్ లాంటివి, వైద్యులకు చెప్పకుండా కలపకూడదు. రెండూ కలిస్తే ఊపిరి మందగిస్తుంది.

దగ్గరలో మానసిక వైద్యులు లేనివారు ఎవరైనా చదువుతుంటే, టెలీ మానస్ సహాయవాణి 14416కు ఏ వేళలోనైనా ఉచితంగా ఫోన్ చేయవచ్చు. తెలుగులో మాట్లాడతారు.

గౌతమీతీరం | ఫిబ్రవరి 22, రాత్రి 8:45

చాలామంది వ్యక్తిగత సందేశాల్లో అడుగుతున్నారు కాబట్టి ఇక్కడే రాస్తున్నాను.

అమ్మ ఇప్పుడు వేసుకునేది 0.25 మాత్రలో నాలుగో వంతు. గోరు మీద పెట్టుకుంటే కనిపించీ కనిపించని ముక్క. దారి అంతా సాఫీగా సాగలేదు. నవంబరులో మూడో మెట్టు తర్వాత, అప్పటికి ఆరేడు వారాల నుంచి నెమ్మదిగా పెరుగుతున్న చిరాకు, ఒంట్లో ఏదో పాకుతున్నట్టు ఉండడం, తెల్లవారుజామున మూడింటికే మెలకువ ఎక్కువయ్యాయి. ఇవి పాత జబ్బు తిరగబెట్టడమా, మందు తగ్గించడం వల్ల వచ్చినవా అని నాకు భయం వేసింది. డాక్టరుగారు అదే మెట్టు మీద ఇంకో మూడు వారాలు ఆగమన్నారు. ఆగాం. నెమ్మదిగా తగ్గాయి.

మెలకువ వచ్చిన రాత్రుల్లో అమ్మ మంచం మీద దొర్లకుండా లేచి, హాల్లో కూర్చుని, పత్తి వత్తులు చేసుకునేది. నవంబరులో చేసిన వత్తులు ఏడాదికి సరిపోతాయి, వీధిలో అందరికీ పంచింది. పగటి నిద్ర మానడం అమ్మకు అన్నిటికన్నా కష్టమైంది. ఆ వేళకు మా అక్కయ్య రోజూ హైదరాబాదు నుంచి ఫోన్ చేసి మాట్లాడడం మొదలుపెట్టింది. ఇప్పుడు రాత్రి ఐదున్నర, ఆరు గంటలు పడుకుంటోంది. మాత్రతో ఏడు గంటలు పడుకునేది, కానీ అప్పుడు పొద్దున్న పిలిస్తే రెండు నిమిషాలు మనిషి ఎక్కడుందో తెలియనట్టు చూసేది. ఇప్పుడు నాకంటే ముందు లేస్తోంది. గోడ పట్టుకోకుండా నడుస్తోంది.

నాన్న తిథి సెప్టెంబరులోనే వచ్చి వెళ్లింది. ఆ రాత్రి రెండో మాత్ర కావాలా అని నేనే అడిగాను. వద్దు, నువ్వు కాసేపు ఇక్కడ కూర్చో అంది. రెండు దాకా కూర్చున్నాం. ఏడేళ్లలో మొదటిసారి నాన్న పోయిన రోజు గురించి అమ్మ మొదటి నుంచి చివరి దాకా చెప్పింది. నాకు తెలియని విషయాలు అందులో చాలా ఉన్నాయి.

ఇంకో అడుగు మిగిలింది. మూడు వారాల తర్వాత ఈ ముక్క కూడా ఆపమన్నారు. అమ్మ మాత్రం ఆపాక కూడా ఒక స్ట్రిప్పు ఇంట్లో ఉంచుకుంటానంటోంది, వేసుకోనని, ఉందన్న ధైర్యం కోసమని. ఉంచవచ్చా, డాక్టరు గారూ?

వైద్యురాలు_విశాఖ | ఫిబ్రవరి 23, ఉదయం 7:20

ఇది చాలామంది అడిగే ప్రశ్నే, అడిగినందుకు అమ్మగారిని అభినందిస్తున్నానని చెప్పండి. చూస్తున్న డాక్టరుగారికి ఈ మాట అలాగే చెప్పి, వారు ఒప్పుకుంటే కొంతకాలం ఉంచవచ్చు. ఉంచితే మాత్రం దేవుడి గూట్లో కాకుండా, లెక్క రాసి, మీ బీరువాలో అమ్మగారికి తెలిసిన చోట ఉంచండి. ఆమె ఎప్పుడు అడిగినా కోప్పడకుండా, ఏమైందమ్మా అని ముందు అడగండి.